గొడుగు ఎత్తి చెప్పిన కథ

నా తోడికోడలంటే నాకు కుళ్ళు. ఈ మాట ముందే చెప్పేస్తే తర్వాత ఎవరూ పనిగట్టుకుని కనిపెట్టనక్కర్లేదు. ఇంట్లో అందరికీ తెలుసు, ఆఫీసులో సగం మందికి తెలుసు. ఆమెకు మాత్రం తెలియదనుకుంటూ నాలుగేళ్ళు నెట్టుకొచ్చాను.

నేను గైడును. రాజధాని చూడ్డానికి వచ్చినవాళ్ళని వెంటబెట్టుకుని రాచనడక నడిపిస్తాను. గంటన్నర పని, ఆరు మజిలీలు. గడియారం ద్వారం దగ్గర మొదలుపెట్టి, భటులుండే బారకాసులు, రాజభవనం ఎడమవైపు గోడ, గుర్రపుశాలలు, రాణివారి తోట దాటుకుని పట్టాభిషేక మందిరం మెట్ల మీద ముగిస్తాను. జట్టుకు పద్దెనిమిది మంది. ఏ రాజు ఏ ఏడు గద్దెనెక్కాడో, ఏ రాజు ఏ గుర్రం మీంచి పడ్డాడో నాకు కొట్టిన పిండి. జట్టు ముఖాలు చూస్తూ వెనక్కి నడుస్తాను. దారిలో ఏ రాయి ఎక్కడ పైకి లేచి ఉందో నా మడమలకు తెలుసు. మా నాన్న ట్రాము కండక్టరు. ఆయన గొంతు నాకొచ్చింది. అందుకే ఆఫీసులో నన్ను ‘గంట’ అంటారు. టిక్కెట్టు కొననివాళ్ళకి కూడా వినబడిపోతోందని మా మేనేజరమ్మ అప్పుడప్పుడూ సణుగుతుంటుంది.

మా పనికో నియమం ఉంది. ప్రతి గైడు చేతిలో ఒక నీలం గొడుగు ఉంటుంది, ఎండయినా వానయినా. అది తలమీద పట్టుకోవడానికి కాదు. రికార్డుల్లో ఉన్న సంగతి చెప్పేటప్పుడు, మూసిన గొడుగును జెండాకర్రలా పైకెత్తి పట్టుకోవాలి. ఎవరో అనుకున్నదో, ఎవరో అల్లిందో చెప్పేటప్పుడు దాన్ని దించి నేలకు ఆనించాలి. పైనుంటే చరిత్ర, కిందుంటే కథ. ఈ సంగతి గడియారం ద్వారం దగ్గరే జట్టుకు చెప్పేస్తాం. లైసెన్సు పరీక్షలో సగం మార్కులు దీనికే. ఎత్తాల్సిన చోట దించితే మందలించి వదిలేస్తారు. దించాల్సిన చోట ఎత్తితే, అంటే కథను చరిత్రని చేసి అమ్మితే, అంత తేలిగ్గా పోనివ్వరు.

ఇన్ని తెలిసిన నేను రాజభవనం లోపల ఒక్కసారి కూడా అడుగుపెట్టలేదు. చిన్నప్పుడు బడికి ఆ ఇనప చువ్వల పక్కనుంచే వెళ్ళేదాన్ని. చువ్వల మధ్య ముఖం పెట్టి నిలబడితే, పెద్ద తలుపులు తెరిచినప్పుడు లోపల పాలరాతి మెట్లు రెండో మూడో కనబడేవి. మిగతావి ఎటు వెళ్తాయో తెలిసేది కాదు. చలికి చెవులు ఎర్రబడేదాకా నిలబడి, బడికి ఆలస్యంగా వెళ్ళి తిట్లు తినేదాన్ని. గైడునయ్యాక ఆ మెట్ల గురించి రోజూ చెప్పాను. ఎన్ని మెట్లో, ఏ దేశపు రాయో, ఏ మలుపులో ఏ బొమ్మ ఉందో, అన్నీ ఆఫీసు ఇచ్చిన చిన్న పుస్తకంలోంచి. విన్నవాళ్ళు నేను ఆ మెట్లమీదే పుట్టి పెరిగాననుకునేవారు.

ఇంకో విడ్డూరం చెప్తాను. మా ఆయన లిఫ్టులు బాగుచేసే మెకానిక్కు. మా పెళ్ళయిన మూడో ఏట ఆయన్ని రాజభవనంలోకి పిలిచారు. గంటసేపు లోపల ఉండి వచ్చాడు. నేను గుమ్మంలోనే పట్టుకున్నాను.

“ఎలా ఉంది?”

“పాతది. కానీ మోటారు గట్టిది” అన్నాడు.

“లిఫ్టు సంగతి కాదు. మెట్లు చూశారా?”

“లిఫ్టు పెట్టుకుని మెట్లెందుకు చూస్తాను?” అని చేతులు కడుక్కోవడానికి వెళ్ళిపోయాడు.

ఆ రోజంతా ఆయనతో మాట్లాడలేదు. ఎందుకు మాట్లాడలేదో ఆయనకి ఇప్పటికీ తెలియదు.

ఇక ఆ కిటికీ. రాజభవనం ఎడమ గోడకి పై వరసలో తొమ్మిది కిటికీలుంటే, ఏడోదాన్ని రాళ్ళతో మూసేశారు. నేను పనిలో చేరిన మొదటి ఏడు, ఒక వానరోజున భటులు కాపలా మారే వేళ తప్పింది. జట్టంతా తడుస్తూ ఇరవై నిమిషాలు నిలబడాల్సి వచ్చింది. ఒకాయన టిక్కెట్టు వెనక్కి తీసుకోమంటున్నాడు. ఏం చెయ్యాలో తోచక ఆ కిటికీని చూపించి నోటికొచ్చింది మొదలుపెట్టాను. పూర్వం ఇక్కడ ఇద్దరు రాణులుండేవారు, వరసకు తోడికోడళ్ళు. చిన్నరాణి గది కిటికీలోంచి పెద్దరాణి తోట కనబడేది. ఆ తోటలో ఏ పూలు పూసినా చిన్నరాణికి అన్నం సహించేది కాదు. చివరికి తాపీవాళ్ళని పిలిపించి తన కిటికీ తానే మూయించుకుంది. బతికినన్నాళ్ళూ ఆ చీకటి గదిలోనే కూర్చుంది. ఇదీ కథ. టిక్కెట్టు వెనక్కిస్తానన్నాయన నోరు తెరుచుకుని విన్నాడు. అప్పటికి మా తోడికోడలు మా ఇంటికి రానేలేదు, కనక ఎవర్నో మనసులో పెట్టుకుని అల్లింది కాదు.

మొదటి రోజుల్లో గొడుగు దించే చెప్పేదాన్ని. కానీ గొడుగు నేలకు ఆనగానే జనం చూపులు చెదిరిపోతాయి, కథేలే అన్నట్టు ఫోన్లు తీస్తారు. నెల తిరక్కుండానే గొడుగు కొంచెం కొంచెంగా పైకి లేచింది. ఆ తర్వాత పంతొమ్మిదేళ్ళు పైనే ఉంది. ఒక్కరు కూడా అడగలేదు. చివరికి నాకే అది ఎక్కడో చదివినట్టుండేది.

మా మరిది భార్య, అంటే నా తోడికోడలు, రొట్టెల దుకాణంలో గల్లాపెట్టె దగ్గర పనిచేసేది. నోట్లో నాలుక లేని మనిషి. మేం పై అంతస్తు, వాళ్ళు కింది అంతస్తు, మెట్లు ఒక్కటే. అయిదేళ్ళ క్రితం ఆ దుకాణం మూతపడింది. మా ఆయన నా వెనకపడ్డాడు. “నీ ఆఫీసులో చూడు, పాపం ఇంట్లో ఖాళీగా కూర్చుంది” అని. నేనే తీసుకెళ్ళాను. మూడు వారాలు నా జట్టు వెనక నడిపించాను. నా చేత్తో రాసుకున్న నోటుపుస్తకం చదువుకోమని ఇచ్చాను. నేను రెండుసార్లు తప్పి మూడోసారి గట్టెక్కిన పరీక్షలో ఆవిడ మొదటిసారే పాసయింది. ఇంటిల్లిపాదీ సంతోషించారు. నేనూ సంతోషించాను, పళ్ళు కనబడేలా.

రద్దీ రోజుల్లో మాకు రెండు జట్లు. పదకొండింటికి నాది, పావుగంట తేడాతో ఆమెది. ఆమె గొంతు చిన్నది. అది లోపమవుతుందనుకున్నాను. జనం వినబడక దగ్గరికి జరిగేవారు, దగ్గరికి జరిగాక ఇక కదిలేవారు కాదు. ఆఫీసులో ఆమెకి ‘నిదానం’ అని పేరు పెట్టారు, ముద్దుగా. నాకు ‘గంట’ అని పెట్టినప్పుడు అందులో ముద్దేమీ లేదు. నడక చివర జనం అభిప్రాయాలు రాసే పుస్తకం ఒకటుంది. నా పేజీల్లో “వివరంగా చెప్పారు”, “గట్టిగా చెప్పారు” అని ఉండేది. ఆమె పేజీల్లో ఒకావిడ, మూసిన కిటికీ దగ్గర ఏడ్చానని రాసింది. నా కిటికీ. అరికాలి మంట నెత్తికెక్కింది.

ఏం చేస్తోందో చూద్దామని కాపు వేశాను. కిటికీ మూడో మజిలీ, గుర్రపుశాలలు నాలుగోది, రోడ్డుకు అవతల. నా జట్టుని గుర్రాల దగ్గరికి చేర్చి, ఫొటోలు తీసుకోండని పది నిమిషాలు వదిలేసి, రోడ్డు దాటి తపాలా డబ్బా వెనక నిలబడేదాన్ని. నేను చేరేసరికి కథ సగంలో ఉండేది. నా కథే. నేనన్న మాటలే. కానీ పెద్దరాణి తోటలో పూలు పూశాయన్న చోట నేను గొంతు పెంచేదాన్ని, ఈవిడ ఆగిపోయేది. ఊరికే కిటికీవైపు చూస్తూ నిలబడేది. పద్దెనిమిది మందీ ఆ రాళ్ళవైపే చూసేవారు. నా అబద్ధం ఆమె నోట్లో నిజమైపోతోంది. పైగా జనం తలల మీద గొడుగు కనబడేదే కాదు. ఆ చెయ్యి పైకెత్తడానికి కూడా బద్ధకమే అనుకుని పళ్ళు నూరుకునేదాన్ని.

పోయిన ఏడు ఎండలు తగ్గుతుండగా మేనేజరమ్మ మా ఇద్దరినీ కూర్చోబెట్టి ఒక వార్త చెప్పింది. రాజభవనం వాళ్ళు మొట్టమొదటిసారి నడక జట్టుని లోపలికి రానిస్తామన్నారట. రోజుకు ఒక్క జట్టు, నలభై నిమిషాలు. పాలరాతి మెట్లు ఎక్కి, దర్బారు గది చూసి, వెనక తలుపులోంచి బయటికి. ఆ జట్టుకు గైడు ఒక్కరే. ఏడాది పొడుగునా ఆ ఒక్కరే. వాళ్ళ షరతు కూడా ఒక్కటే. లోపల రికార్డుల్లో ఉన్నది తప్ప ఇంకో మాట పలక్కూడదు.

“మీ ఇద్దరిలో ఒకరి పేరు పంపాలి. నెలాఖరుకి చెప్తాను” అంది.

ఆ మెట్లు నావి. వయసు చూసినా, అనుభవం చూసినా, చువ్వలకు ముఖం ఆనించి నిలబడిన లెక్క చూసినా నావే. పక్కకి తిరిగి చూస్తే తోడికోడలు గొడుగు ఒళ్ళో పెట్టుకుని కూర్చుంది. ముఖంలో ఏమీ లేదు. ఆ ఏమీ లేకపోవడమే నన్ను భయపెట్టింది. మేనేజరమ్మ మాట్లాడినంతసేపూ ఆమెవైపే ఎక్కువసార్లు చూసినట్టనిపించింది. లెక్కపెట్టాను కూడా.

వారం రోజులు మనసు కుదురుగా లేదు. ఎనిమిదో రోజు పొద్దున్నే వంటింట్లో బల్ల దగ్గర కూర్చుని ఉత్తరం రాశాను. కింద పేరు పెట్టలేదు. ‘పదకొండుంబావు జట్టు గైడు మూసిన కిటికీ దగ్గర రికార్డుల్లో లేని కథ చెబుతోంది. అంతే కాదు, అక్కడ గొడుగు కూడా ఎత్తడం లేదు.’ రెండు తప్పులు పట్టుకున్నానని మురిసిపోయాను. ఆఫీసు గుమ్మంలో ఉండే అభిప్రాయాల పెట్టెలో వేసి, ఏమీ ఎరగనట్టు జట్టుని తీసుకుని బయల్దేరాను.

రెండు రోజుల తర్వాత మేనేజరమ్మ మళ్ళీ ఇద్దర్నీ పిలిచింది. ఉత్తరం బల్లమీద ఉంది. కళ్ళజోడు పెట్టుకుని పైకి చదివింది. చదివి, మళ్ళీ ఒకసారి మనసులో చదువుకుంది.

“కథ చెబుతోందట. గొడుగు ఎత్తడం లేదట” అంది. “కథ చెప్పేటప్పుడు గొడుగు దించాలనే కదా మన నియమం? ఇందులో తప్పేముంది?”

నా గొడుగును బల్ల కిందికి ఇంకొంచెం తోశాను.

“అది తప్పనుకున్నవాళ్ళు ఎవరో మరి” అంది మేనేజరమ్మ. “ఆ కథకి గొడుగు ఎత్తడం అలవాటున్నవాళ్ళే అయ్యుండాలి.”

నేను కిటికీలోంచి బయటికి చూశాను. చూడ్డానికి అక్కడ ఎదుటి మేడ గోడ తప్ప ఏమీ లేదు. మేనేజరమ్మ తోడికోడల్ని అడిగింది. “ఆ కథ నీకెక్కడిది?”

ఆమె నావైపు చూడలేదు. “విన్నదేనండి. రికార్డుల్లో వెతికాను, ఎక్కడా లేదు. లోపల గోడవారగా కొత్త మెట్లు కట్టినప్పుడు ఆ కిటికీ మూసేశారని మాత్రం ఉంది. అందుకే గొడుగు దించి చెబుతాను.”

“ఎవరి దగ్గర విన్నావు?”

“రోజూ చెబుతూనే ఉన్నానండి జట్టుకి. మీరొక రోజు వస్తే వింటారు.”

మేనేజరమ్మ ఉత్తరం మడతపెట్టింది. “సరే, రేపు మొదటి జట్టుతో వచ్చి, కిటికీ దగ్గరే ఆగి రెండోదీ వింటాను” అంది.

ఆ రోజు ఇంటికెళ్ళి అద్దం ముందు నిలబడి సాధన చేశాను, గొడుగు దించి ఆ కథ చెప్పడం. చెయ్యి కిందికి వస్తే గొంతు కిందికి పోతోంది. గొంతు లేస్తే చెయ్యి లేస్తోంది. మా ఆయన పక్క గదిలోంచి తొంగి చూసి, భుజం పట్టేసిందా అని అడిగాడు. పోనీ రేపటికి ఆ కథే చెప్పొద్దు, కిటికీ పక్కనుంచి గబగబా దాటిపోదాం అనుకున్నాను.

మర్నాడు పదకొండింటికి మేనేజరమ్మ నా జట్టు చివర నిలబడింది. గడియారం ద్వారం, బారకాసులు చక్కగా జరిగిపోయాయి. గోడ దగ్గర నేను ఆగకుండా నడుస్తుంటే, జట్టులో ఒక పెద్దావిడ చెయ్యెత్తింది. “అమ్మా, ఆ కిటికీ ఎందుకు మూసేశారు? మా చెల్లెలు మీ నడకకే వచ్చి వెళ్ళింది, తప్పకుండా అడగమంది.”

దాటేద్దామనుకున్నాను. కానీ పద్దెనిమిది ముఖాలు నావైపు తిరిగాయి. ముఖాలు అలా తిరిగితే నేను ఆగలేను, అది నా బలహీనత. మొదలుపెట్టాను. పూర్వం ఇక్కడ ఇద్దరు రాణులుండేవారు అన్నాను. చిన్నరాణి అన్నాను. పూలు అన్నాను. ఆ పూట చెప్పినంత బాగా ఎప్పుడూ చెప్పలేదు, ఒట్టు. పెద్దావిడ కళ్ళు తుడుచుకుంది. అప్పుడు మేనేజరమ్మ చూపు నా ముఖం మీంచి పైకి పాకడం కనబడింది. నేనూ తలెత్తి చూశాను. గొడుగు నా చేతికొసన, ఎంత పైకి పోగలదో అంత పైన ఉంది.

దించానా అంటే, లేదు. అంతమంది ముందు దించితే ఒప్పుకున్నట్టే అనిపించింది. అలాగే పట్టుకుని గుర్రపుశాలల దాకా నడిచాను.

సాయంత్రం మేనేజరమ్మ నన్నొక్కదాన్నే పిలిచింది. కేకలేస్తుందనుకున్నాను. వెయ్యలేదు. “ఆవిడ కథకి ముందు ఏమంటోందో తెలుసా మీకు?” అంది. “‘ఇది చరిత్ర కాదు. ఈ వీధిలో పంతొమ్మిదేళ్ళుగా గైడుగా ఉన్న మా అక్క అల్లిన కథ. ఇంత మంచి కథ నాకు రికార్డుల్లో దొరకలేదు, అందుకే చెబుతున్నాను’ అంటోంది. రోజూ అంటోందట. మీరెప్పుడూ వినలేదా?”

నేను వినలేదు. నేను తపాలా డబ్బా దగ్గరికి చేరేసరికి ఆ మాట అయిపోయేది.

“లోపలికి ఆవిణ్ణే పంపాలి. మీకు తెలుసు కదా ఎందుకో” అంది మేనేజరమ్మ. తెలుసన్నాను. లైసెన్సు జోలికి వెళ్ళలేదు. ఆ కథ మాత్రం ఇకనుంచి గొడుగు దించే చెప్పాలంది. అదయినా కేకలేసి చెప్పి ఉంటే బావుండేది.

ఇంటికొచ్చేసరికి తోడికోడలు మెట్ల మీద కూర్చుని ఉంది, నా కోసమే. చేతిలో మడతపెట్టిన కాగితం. చూడగానే తేలు కుట్టిన దొంగలా అయిపోయాను.

“మేనేజరమ్మ చెత్తబుట్టలో వేస్తుంటే అడిగి తెచ్చుకున్నాను” అంది. “మూడు వారాలు మీ నోటుపుస్తకం చదివి పాసయినదాన్ని. మీ అక్షరాలు నాకు తెలియవా అక్కా?”

“తెలిసి ఆవిడ ముందు ఎందుకు ఊరుకున్నావు?”

“మీరు చెబుతారేమోనని చూశాను.”

నా కడుపుమంట నాకు తెలుసు, దానికి పేరు పెట్టి ఆమె ముందు పెట్టడం రాలేదు. క్షమించమని నాలుక చివరిదాకా వచ్చింది. వచ్చి, ‘ఇంత మంచిదానిలా ఎందుకు కూర్చున్నావు నా ముందు’ అనే ఆలోచన తగిలి వెనక్కిపోయింది.

కానీ ఆమె అంత మంచిగా ఏం కూర్చోలేదు. నాలుగేళ్ళలో మొదటిసారి ఆమె గొంతు పెరగడం విన్నాను.

“నాకు ఒళ్ళు మండిపోయింది అక్కా. రెండు రోజులు అన్నం తినలేదు. మీరు వేలు పట్టి నేర్పిన పని ఇది. మీ కథ అని చెప్పుకుంటూ తిరుగుతున్నాను. మీరేమో నామీద పేరు లేని ఉత్తరం రాస్తారా?” కాగితాన్ని నా చేతిలో పెట్టింది. “లోపలికెళ్ళే జట్టులో పదిహేడు టిక్కెట్లు. పద్దెనిమిదో చోటు గైడుది, కావలసినవాళ్ళని ఎవర్నయినా తీసుకెళ్ళొచ్చు. మీకు ఆ మెట్లంటే ఎంత ఇష్టమో నాకు తెలుసు. మొదటి రోజు మిమ్మల్నే తీసుకెళ్దామనుకున్నాను. ఇప్పుడు పిలవను. మీరు అడగండి. అడిగితే తీసుకెళ్తాను. అడగకపోతే ఏడాదంతా వేరేవాళ్ళొస్తారు.”

తలుపు వేసుకుని లోపలికి వెళ్ళిపోయింది. నేను ఆ ఉత్తరం పట్టుకుని పైకి ఎక్కాను.

మూడు నెలలు అడగలేదు. మొదటి రోజు ఆమె తన భర్తను తీసుకెళ్ళింది. మా మరిది పైకొచ్చి అరగంట వర్ణించాడు. వింటూ పింగాణీ పళ్ళెం ఒకటి పగలగొట్టాను, చెయ్యిజారి కాదు. తర్వాత మా అత్తగారిని తీసుకెళ్ళింది. ఎదురింటి కుట్టుపనావిణ్ణి తీసుకెళ్ళింది. రొట్టెల దుకాణంలో తనతో పనిచేసిన ఇద్దర్ని, ఒకరి తర్వాత ఒకర్ని తీసుకెళ్ళింది. ఒక రోజు మా ఆయన కూడా వెళ్ళొచ్చాడు, నాకు చెప్పకుండా. ఈసారి మెట్లు చూశాడట. “బాగానే ఉన్నాయే” అన్నాడు. ఆ మనిషి రెండుసార్లు వెళ్ళాడు. రెండుసార్లు.

నేను మాత్రం బయట నా జట్టుకి గొడుగు దించి కథ చెబుతూ ఉన్నాను. జనం ఫోన్లు తీస్తూనే ఉన్నారు. ఇంట్లో మెట్ల మీద ఎదురుపడితే ఇద్దరం వాతావరణం గురించి మాట్లాడుకునేవాళ్ళం. ప్రతిసారీ అడుగుదామనుకునేదాన్ని. ఆమె కూడా ఒక్క క్షణం ఆగేది, అడుగుతానేమోనని. ఆ ఆగడం చూస్తే అడగబుద్ధయ్యేది కాదు. నాకు యాభై నాలుగేళ్ళు. నా దగ్గర పని నేర్చుకున్నదాన్ని చెయ్యి చాచి అడగడమా అనుకునేదాన్ని. అలా అనుకున్నన్నాళ్ళూ లోపల ఒక్కో జట్టూ ఆ మెట్లెక్కుతూనే ఉంది.

ఒక మంగళవారం పొద్దున్నే కిందికి దిగి వాళ్ళ తలుపు కొట్టాను. ముందే అనుకుని వెళ్ళింది కాదు. చెత్త డబ్బా చేతిలో ఉంది. ఆమె తలుపు తీసింది, జుట్టు సగం దువ్వుకుని.

“ఆ ఉత్తరం నేనే రాశాను” అన్నాను.

“తెలుసు కదా అక్కా.”

“నీకు తెలియడం వేరు, నేను చెప్పడం వేరు. కుళ్ళుతో రాశాను. ఇప్పటికీ పోలేదు, పోతుందని మాటివ్వలేను. రేపు ఎవరొస్తున్నారు నీ జట్టులో?”

“ఎవరూ లేరు.”

“నన్ను తీసుకెళ్ళమ్మా.”

ఆమె నా చేతిలో చెత్త డబ్బా తీసుకుని కింద పెట్టి, రేపు పదింటికి తయారుగా ఉండమంది.

మర్నాడు రాజభవనం గేటు దగ్గర కాపలాదారు ఒక్కొక్కర్నీ ఆపి పేరు, పని రాసుకుంటున్నాడు. నా వంతు వచ్చింది. తోడికోడలు ముందుకొచ్చి, “మా అక్క. గైడు” అంది. అతను కలం ఆపాడు.

“గైడు ఒక్కరే ఉండాలి. ఇద్దరికి అనుమతి లేదు” అన్నాడు.

ఆమె ఏదో చెప్పబోయింది. పంతొమ్మిదేళ్ళని, ఆఫీసు కార్డుందని చెబుతుంది కాబోలు. నేను ఆమె చెయ్యి పట్టుకుని ఆపాను.

“గైడు ఆవిడే. నేను చూడ్డానికి వచ్చాను. అలాగే రాసుకోండి.”

అతను రాసుకున్నాడు. తలుపులు తెరిచారు. పాలరాతి మెట్లు అన్నీ ఒకేసారి కనబడ్డాయి, మలుపు తిరిగి పైకి పోయే చోటు దాకా. నేను రోజూ చెప్పినట్టు లేవు. మధ్యలో అరిగిపోయి, వాడిన సబ్బుబిళ్ళల్లా పల్లం పడి ఉన్నాయి. ఆఫీసు ఇచ్చిన పుస్తకంలో ఆ సంగతి లేదు. తోడికోడలు మొదటి మెట్టు మీద నిలబడి గొడుగు ఎత్తి, చిన్న గొంతుతో మొదలుపెట్టింది. నేనైతే అరిచి చెప్పేదాన్ని. ఆ హాల్లో అరిస్తే మాట మోగిపోయి ఎవరికీ అర్థమయ్యేది కాదు. ఆమె బాగా చెబుతోంది. నాకు ఒళ్ళు మండిపోతోంది. జట్టు వెనక నిలబడితే సగం మాటలు వినబడటం లేదు. ఇద్దర్ని పక్కకి తోసుకుంటూ వెళ్ళి ముందు వరసలో నిలబడ్డాను.